పోలండు నటుడు బొగుమీవ్ కొబ్యేలా: ఏ చిత్రంతో మొదలుపెట్టాలి?

ప్రశ్న
పెన్నేటి గట్టు, అనంతపురం

నమస్కారం. అనంతపురంలో మేము కొందరం కలిసి నెలకొక విదేశీ చిత్రాన్ని ప్రదర్శించుకుంటూ ఉంటాము. వచ్చేవారిలో సగం మంది డిగ్రీ, పీజీ చదివే పిల్లలు, తక్కినవారు ఉద్యోగ విరమణ చేసిన పెద్దలు. క్రితం నెల ఆంద్జేయ్ వాయ్‌దా 1958లో తీసిన ‘బూడిద, వజ్రం’ చూపించాము. రెండవ ప్రపంచ యుద్ధం ఐరోపాలో ముగిసిన 1945 మే 8న పోలండులోని ఒక పట్టణంలో మొదలై, మరునాటి తెల్లవారేసరికి ముగిసే కథ అది. కమ్యూనిస్టు నాయకుడొకరిని చంపమని ఆజ్ఞ అందుకున్న మాచెక్ అనే యువకుడి పాత్రను జ్బిగ్నియెవ్ త్సిబుల్‌స్కీ పోషించాడు. సహజంగానే చర్చంతా ఆయన చుట్టూనే తిరిగింది.

చర్చ ముగిసే సమయంలో, పద్యనాటకాల్లో చాలా ఏళ్లు వేషాలు కట్టిన ఒక పెద్దాయన, “హీరో సంగతి సరేలెప్పా, ఆ మేయరు దగ్గర పనిచేసే తాగుబోతు ఎవరు?” అని అడిగారు. ఆ పాత్ర పేరు ద్రెవ్నోవ్‌స్కీ. పగలు మేయరు కొలువులో ఉంటూ, చాటుగా మాచెక్ బృందానికి కూడా పనిచేసే మనిషి. మేయరు మంత్రి కాబోతున్నాడని, తనకూ పెద్ద పదవి దక్కబోతోందని తెలిసిన సాయంత్రమే అతడు ఒళ్లు తెలియకుండా తాగి, విజయోత్సవ విందులోకి చొరబడి, మంటలు ఆర్పే సిలిండరు తీసుకుని అక్కడ కూర్చున్న పెద్దమనుషుల మీద, వడ్డించిన బల్ల మీద నురగ చిమ్ముతాడు. హాలులో పిల్లలు పగలబడి నవ్వారు. ఆ పెద్దాయన మాత్రం నవ్వలేదు. “వాడి బతుకు వాడే తగలబెట్టుకుంటున్నాడు, అది వాడికి తెలుసు, అయినా చెయ్యి ఆగడం లేదు, ఆ చెయ్యి చూడండి” అన్నారు.

ఆ నటుడి పేరు బొగుమీవ్ కొబ్యేలా అని చిత్రం పేర్లలో చూశాను. ఆయనే ప్రధాన పాత్ర పోషించిన చిత్రమొకటి మా వాళ్లకు చూపించాలని ఉంది. ఆయన నట జీవితం ఎంతకాలం సాగింది, ఎందుకంత త్వరగా ముగిసింది, పోలండు చరిత్ర బొత్తిగా తెలియని ప్రేక్షకుల ముందు ఏ చిత్రంతో మొదలుపెడితే బాగుంటుంది? తెలిసినవారు వివరంగా రాస్తే, ఆ వివరాలనే ప్రదర్శనకు ముందు పరిచయంగా చదివి వినిపిస్తాను.


జవాబు
తుంగభద్ర, కర్నూలు

మీ పెద్దాయన చూపు గొప్పది. కొబ్యేలా నటనలో అసలు పట్టుకోవలసింది ఆ చెయ్యినే. ముఖం ఒకటి చెబుతూ ఉంటుంది, చెయ్యి మరొకటి చేస్తూ ఉంటుంది.

ఆయన 1931 మే 31న కటోవిట్సెలో పుట్టాడు. క్రాకోవ్ నాటక విద్యాలయంలో చదివి 1953లో బయటికి వచ్చాడు. త్సిబుల్‌స్కీ అక్కడ ఆయనకు సహాధ్యాయి. ఇద్దరూ కలిసి సముద్రతీరాన ఉన్న గ్దాన్‌స్క్ నగరానికి వెళ్లి, అక్కడి ‘విబ్‌జెజె’ నాటకశాలలో చేరారు. 1969 జులైలో కారు ప్రమాదంలో గాయపడి, అదే నెల 10వ తేదీన గ్దాన్‌స్క్‌లో కన్నుమూశాడు. అప్పటికి ఆయన వయసు 38. చదువు ముగించిన నాటి నుంచి లెక్కిస్తే మొత్తం నట జీవితం 16 ఏళ్లు. ఇందులో తొలి భాగం చాలావరకు రంగస్థలానిదే. కొబ్యేలా పుట్టిన 1931లోనే మన సీమలో, సింహాద్రిపురంలో, పద్మనాభం గారు పుట్టారు. ఆయనకు దక్కినంత నిడివి గల జీవితం ఈయనకూ దక్కి ఉంటే పోలిష్ సినిమా హాస్యం ఎంత దూరం వెళ్లి ఉండేదో అని నేను చాలాసార్లు అనుకుంటూ ఉంటాను.

మీరు మొదలుపెట్టవలసిన చిత్రం విషయంలో నాకు సందేహమే లేదు. ఆంద్జేయ్ మున్క్ 1960లో తీసిన ‘జెజొవాతె ష్చెంశ్చె’, తెలుగులో ‘మెల్లకంటి అదృష్టం’ అనుకుందాం, దానితోనే మొదలుపెట్టండి. అదే ఏడాది కాన్ చిత్రోత్సవంలో పోటీకి వెళ్లిన చిత్రం అది. యెజీ స్తెఫాన్ స్తవీన్‌స్కీ తాను రాసిన నవల ఆధారంగా కథనం సమకూర్చాడు. యాన్ పిష్చిక్ అనే దర్జీ కొడుకు 1930ల నుంచి 1950ల దాకా ఏ ప్రభుత్వం వస్తే ఆ ప్రభుత్వానికి నచ్చేలా బతకాలని ప్రయత్నించి, ప్రతిసారీ దెబ్బతినే కథ. తన గోడునంతా అతడు జైలు అధికారికి చెప్పుకుంటాడు. చెప్పుకోవడం విడుదల కోసం కాదు, తనను బయటికి పంపవద్దని వేడుకోవడానికి. ఈ మలుపు ముందే చెప్పానని బాధపడకండి, ఇది తెలిసి చూసినా చిత్రం బలం తగ్గదు.

ఒక సన్నివేశం గురించి మాత్రం చెప్పకుండా ఉండలేను. 1939 సెప్టెంబరులో జర్మనీ దండెత్తింది. సైన్యంలో చేరడానికి పిష్చిక్ వెళ్లేసరికి బ్యారక్సు ఖాళీగా ఉన్నాయి. అక్కడ వదిలేసి వెళ్లిన అధికారి దుస్తులు కనబడ్డాయి. చిన్నప్పటి నుంచి అలాంటి దుస్తుల మీద వ్యామోహం ఉన్నవాడు కాబట్టి వాటిని తొడుక్కుని, అద్దం ముందు నిలబడి తనకు తానే సెల్యూట్ కొట్టుకుంటూ మురిసిపోతున్నాడు. సరిగ్గా అప్పుడే జర్మన్ సైనికులు వచ్చి పట్టుకుంటారు. ఒక్క తూటా పేల్చకుండా, ఒక్క రోజైనా సైనికుడిగా పనిచేయకుండా, అధికారులను ఉంచే యుద్ధఖైదీల శిబిరానికి చేరుకుంటాడు. అద్దం ముందు కొబ్యేలా ఒళ్లంతా ఎలా సాగుతుందో చూడండి: మొదట భుజాలు వెనక్కి పోతాయి, తర్వాత గడ్డం పైకి లేస్తుంది, కళ్లు మాత్రం ఎవరైనా వస్తున్నారేమోనని బెదురుతూనే ఉంటాయి. హాస్యనటులు చాలామంది గర్వాన్ని గానీ భయాన్ని గానీ నటిస్తారు. గర్వపడుతున్న క్షణంలోనే భయపడటాన్ని ఇంత సూటిగా చూపించిన నటుడిని నేను మరొకరిని చూడలేదు.


జవాబు
సురభి అభిమాని, కడప

తుంగభద్ర గారు చెప్పినదానికి రంగస్థలం వైపు నుంచి కొంత చేర్చాలనుకుంటున్నాను. 1885లో మా జిల్లా సురభి గ్రామంలో కీచకవధ ప్రదర్శనతో పుట్టిన నాటక సమాజపు కథలు వింటూ పెరిగినవాణ్ని కాబట్టి, ఏ నటుడి గురించి చదివినా ఆయన ఏ నాటక బృందం నుంచి వచ్చాడన్నదే మొదట వెతుకుతాను.

కొబ్యేలా విషయంలో ఆ బృందం పేరు ‘బిమ్ బొమ్’. 1954లో గ్దాన్‌స్క్ విద్యార్థులతో కలిసి త్సిబుల్‌స్కీ, కొబ్యేలా తదితరులు నెలకొల్పిన నాటకశాల అది. స్టాలిన్ చనిపోయి అప్పటికి ఏడాది దాటింది. కానీ వేదిక మీద ఏం మాట్లాడాలన్నా సెన్సారు అనుమతి కావలసిందే. ఈ కుర్రవాళ్లు మాటలు బాగా తగ్గించేసి, అభినయంతో, సంగీతంతో, చిన్న చిన్న దృశ్యాలతో ప్రదర్శనలు కట్టారు. మాట మీద పెట్టినంత కాపలా మౌనం మీద పెట్టడం ఏ సెన్సారుకూ సాధ్యం కాదు కదా. మున్క్ చిత్రంలో పిష్చిక్ బాల్యాన్ని మూగ సినిమాల పద్ధతిలో తీశారు, ఆ పద్ధతి తర్వాతి భాగాల్లోకి కొబ్యేలా శరీరంలో నిలిచిపోయి కనిపిస్తుంది. అది బిమ్ బొమ్‌లో చేసిన సాధన ఫలితమేనని నా నమ్మకం.

అయితే ‘మెల్లకంటి అదృష్టం’తో మొదలుపెట్టమన్న సలహాతో నేను పూర్తిగా ఏకీభవించలేను. మీ ప్రేక్షకులు ‘బూడిద, వజ్రం’ ఇప్పటికే చూశారు కాబట్టి, అందులోని చివరి భాగాన్ని ఒక్క పది నిమిషాలు మళ్లీ చూపించి, ఆ తర్వాతే రెండో చిత్రం వైపు వెళ్లండి. అందరికీ గుర్తుండేది చెత్తదిబ్బ మీద మాచెక్ మరణం. దానికి కారణం ఎవరన్నది మొదటిసారి చూసినప్పుడు జారిపోతుంది. విందులో పరువు పోగొట్టుకున్న ద్రెవ్నోవ్‌స్కీ ఇక రెండో పక్షమే దిక్కని తెల్లవారుజామున అక్కడికి పరుగెత్తుకొస్తాడు. మాచెక్ పై అధికారి అతడిని కొట్టి తోసేస్తాడు. చాటు నుంచి ఇదంతా చూసిన మాచెక్ వెళ్లిపోబోతుండగా, ద్రెవ్నోవ్‌స్కీ అతడిని గుర్తుపట్టి పేరు పెట్టి పిలుస్తాడు. ఆ పిలుపుకు బెదిరి పరుగు తీసిన మాచెక్ నేరుగా గస్తీ సైనికులకు ఎదురుపడతాడు. వాళ్లు కాలుస్తారు.

ఆ పిలుపులో ద్రోహం లేదు, పగ లేదు. ఇరుపక్షాలూ గెంటేసిన మనిషి తెలిసిన ముఖం కనబడగానే పిలిచిన పిలుపు అది. హాలంతా నవ్విన ఆ తాగుబోతే కథానాయకుడి చావుకు కారణమయ్యాడని గ్రహిస్తే, సిలిండరు సన్నివేశంలో మీ పెద్దాయన ఎందుకు నవ్వలేదో పిల్లలకు ఎవరూ విడమరచి చెప్పనక్కరలేదు. పైగా తెర మీద ఆ పిలుపు పిలిచినవాడూ, దానికి పరుగెత్తినవాడూ నిజ జీవితంలో ప్రాణస్నేహితులు.


జవాబు
గుత్తి కోట

విద్యార్థులు ఎక్కువగా వస్తారన్నారు కాబట్టి ఒక చిన్న చిత్రం సూచిస్తాను. 1968లో పోలిష్ టెలివిజన్ కోసం వాయ్‌దా తీసిన ‘ప్షెక్వాదానియెత్స్’ నిడివి అరగంటకు కాస్త పైన. రచన పోలండు సైన్సు ఫిక్షన్ రచయిత స్తనిస్వావ్ లెమ్. కారు పందేల్లో పాల్గొనే ఇద్దరు అన్నదమ్ములు ప్రమాదానికి గురవుతారు. ఒకరు చనిపోతే, ఆయన అవయవాలను రెండో వ్యక్తికి అమర్చి బతికిస్తారు. బతికినవాడు కొబ్యేలా. చనిపోయినవాడు పూర్తిగా చనిపోలేదని, కొంత భాగం తమ్ముడి ఒంట్లో బతికే ఉందని బీమా సంస్థ డబ్బు చెల్లించడానికి ఒప్పుకోదు. ఆ పైన మరిన్ని ప్రమాదాలు, మరిన్ని అవయవాలు. మనిషికి మనిషి గుండెను తొలిసారి మార్చినది 1967 డిసెంబరులో, దక్షిణాఫ్రికాలో. ఆ వార్త ఇంకా వేడిగా ఉన్న రోజుల్లోనే ఈ చిత్రం వచ్చింది. అవయవదానం, బీమా, న్యాయం, ‘నేను’ అంటే ఎవరన్న ప్రశ్న, ఇవన్నీ నేటి పిల్లలకు వెంటనే అందుతాయి. చరిత్ర పాఠం అవసరం ఉండదు.

ఒక్క జాగ్రత్త తీసుకోండి. కారు ప్రమాదాల నుంచి మళ్లీ మళ్లీ లేచి వచ్చే మనిషిని నటించిన మరుసటి ఏడాదే ఆయన కారు ప్రమాదంలో పోయాడన్న సంగతిని పరిచయంలో ముందుగా చెప్పకండి. చెబితే ప్రేక్షకులు నటనను వదిలేసి శకునాలు వెతుకుతారు. అది ఆయనకు అన్యాయం.


ప్రశ్న వేసినవారి స్పందన
పెన్నేటి గట్టు, అనంతపురం

అందరికీ కృతజ్ఞతలు. గుత్తి కోట గారి జాగ్రత్త తప్పక పాటిస్తాను. తుంగభద్ర గారిని మరో రెండు విషయాలు అడగాలని ఉంది. 1960లోనే ప్రధాన పాత్ర దక్కి, ఆ చిత్రం కాన్ వరకూ వెళ్లినప్పుడు, తర్వాతి తొమ్మిదేళ్లలో అంతటి పాత్ర మళ్లీ ఎందుకు రాలేదు? రెండోది, పిష్చిక్‌ను మా పిల్లలు కేవలం అవకాశవాదిగా చూసి తేలిక చేస్తారేమోనని నా భయం. దర్శకుడి ఉద్దేశం కూడా అదేనా?


జవాబు
తుంగభద్ర, కర్నూలు

రెండో ప్రశ్నతో మొదలుపెడతాను. పిష్చిక్ అవకాశవాదే. మున్క్ ఆ విషయం దాచలేదు. స్టాలిన్ కాలపు కార్యాలయంలో పనిచేస్తున్నప్పుడు అతడు పై అధికారుల మెప్పు కోసం చేసే పనులు చూస్తే అసహ్యం పుడుతుంది, పుట్టాలి కూడా. కానీ అదే మనిషిని యుద్ధానికి ముందు, అతడి ముక్కు చూసి యూదుడనుకుని జనం అవమానిస్తారు. నేనది కాదని చెప్పుకోవడానికీ, ఎవరో ఒకరి గుంపులో కలిసిపోవడానికీ అతడు అప్పటి నుంచే పరుగెడుతున్నాడు. కష్టకాలంలో నిలబడినవారి గురించి కథలు రాయడం ఏ దేశానికైనా ఇష్టమే, వంగిపోయినవాడి గురించి తీయడానికి ధైర్యం కావాలి. యుద్ధంలో అంతమంది ప్రాణాలిచ్చిన దేశంలో, వీరగాథల కోసం జనం ఎదురుచూస్తున్న రోజుల్లో, మున్క్ ఆ పని చేశాడు. కొబ్యేలా ఆ మనిషిని వెక్కిరించకుండా, వెనకేసుకురాకుండా నటించాడు. మీ పిల్లలు మొదటి గంట నవ్వుతారు. కార్యాలయం భాగానికి వచ్చేసరికి ఆ నవ్వు వారికే ఇబ్బందిగా అనిపిస్తుంది. ఏ పరిచయమూ చేయలేని పని అది, చిత్రాన్నే చేయనివ్వండి.

ఇక మొదటి ప్రశ్న. నా ఉద్దేశంలో దానికి సమాధానం 1961 సెప్టెంబరు 20. ఆ రోజు మున్క్ కారు ప్రమాదంలో చనిపోయాడు. ఆయన వయసు 39. ఆష్‌విట్స్ శిబిరం నేపథ్యంగా తీస్తున్న ‘ప్రయాణికురాలు’ సగంలో ఆగిపోతే, సహచరులు నిశ్చల చిత్రాలతో పూరించి 1963లో విడుదల చేశారు. కొబ్యేలా ముఖంలో ఒక శతాబ్దపు మధ్యతరగతి భయాన్ని మొత్తంగా చూడగలిగిన దర్శకుడు ఆయనే. ఆయన పోయాక తక్కిన దర్శకులు కొబ్యేలాను హాస్యం అవసరమైన చోటికి పిలిచారు. వచ్చి ఆ పూటకు వెలుగు నింపి వెళ్లేవాడు. వోయ్‌చెక్ హాస్ 1965లో తీసిన ‘సరగోసాలో దొరికిన రాతప్రతి’లో తొలేదో అనే సరదారాయుడి పాత్ర అలాంటిదే. చూడముచ్చటగా ఉంటుంది, కానీ పిష్చిక్ కొలతకు చాలదు.

ఆయన చేసినదంతా జనానికి చేరనివ్వలేదన్నది మరో కారణం. యెజీ స్కొలిమోవ్‌స్కీ 1967లో తీసిన ‘చేతులు పైకి’లో పాత సహాధ్యాయులు కొందరు మళ్లీ కలుసుకుని, గూడ్సు రైలు పెట్టెలో కూర్చుని తమ యవ్వనాన్ని తవ్వుకుంటారు. ఒకరినొకరు తాము కొనుక్కున్న కార్ల పేర్లతో పిలుచుకుంటారు. కొబ్యేలా పేరు వార్ట్‌బుర్గ్. విద్యార్థి దశలో వీళ్లు నిలబెట్టిన స్టాలిన్ చిత్రపటంలో పొరపాటున నాలుగు కళ్లు పడటం కథలో ముఖ్య ఘట్టం. ఆ చిత్రాన్ని ప్రభుత్వం నిషేధించింది. తెర మీదికి వచ్చేసరికి 1981, అప్పటికి కొబ్యేలా పోయి పన్నెండేళ్లు. బతికుండగా ఆ నటన చూసి మరో దర్శకుడు ఆయనకు మరో గంభీరమైన పాత్ర ఇచ్చే అవకాశం అలా మూసుకుపోయింది.

సురభి అభిమాని గారు ప్రస్తావించిన స్నేహం గురించి కూడా చెప్పాలి. 1967 జనవరి 8న వ్రోత్స్వావ్ స్టేషనులో కదులుతున్న రైలు ఎక్కబోయి త్సిబుల్‌స్కీ చనిపోయాడు. ఆయన వయసూ 39. ఆ మరణం నేపథ్యంగా వాయ్‌దా తీసిన ‘అన్నీ అమ్మకానికే’ 1969 ఆరంభంలో విడుదలైంది. షూటింగుకు రాని నటుడి కోసం మిత్రులంతా వెతుకుతూ తిరగడం, చివరికి మరణవార్త వినడం అందులో కథ. కొబ్యేలా అందులో ‘బొబెక్’గా నటించాడు, నిజ జీవితంలోనూ మిత్రులు ఆయనను పిలిచే పేరు అదే. విడుదలైన కొద్ది నెలలకే ఆయనా పోయాడు. ఎనిమిదేళ్లలోపు ముగ్గురు, ఎవరికీ నలభై నిండలేదు. పోలిష్ సినిమా తన మంచి రోజుల్లో ఎంత పోగొట్టుకుందో ఈ లెక్క చూస్తే తెలుస్తుంది.

పిష్చిక్ మాత్రం బతికాడు. 1988లో ఆంద్జేయ్ కొత్‌కోవ్‌స్కీ ఆ పాత్ర తర్వాతి జీవితాన్ని ‘పౌరుడు పిష్చిక్’ పేరుతో తీశాడు. యెజీ స్తూర్ నటించాడు, మంచి నటుడు. అయినా కొబ్యేలాను చూసిన కళ్లు అక్కడా కొబ్యేలానే వెతుక్కుంటాయి.


జవాబు
సురభి అభిమాని, కడప

తుంగభద్ర గారి వివరణ చదివాక నా అభ్యంతరాన్ని కొంత సడలిస్తున్నాను. ‘బూడిద, వజ్రం’ చివరి పది నిమిషాలతో మొదలుపెట్టి, అదే సాయంత్రం ‘మెల్లకంటి అదృష్టం’ పూర్తిగా చూపించండి. రెండు చిత్రాల మధ్య ఊరట కావాలనుకుంటే ఆంద్జేయ్ కొంద్రాత్యుక్ 1963లో తీసిన ‘సముద్రతీరంలో కొబ్యేలా’ వేయండి. నిమిషాల్లో ముగిసిపోయే చిత్రం. జనంతో కిటకిటలాడే ఇసుకలో కొబ్యేలా వింత పనులు చేస్తూ తిరుగుతుంటే, అక్కడున్న మామూలు మనుషులు ఎలా స్పందిస్తారో కెమెరా చాటుగా పట్టుకుంటుంది. గుత్తి కోట గారు చెప్పిన వాయ్‌దా చిత్రాన్ని విద్యార్థులకు ప్రత్యేకంగా కళాశాలలోనే వేస్తే, తర్వాత చర్చకు కావలసినంత సమయం ఉంటుంది.

పరిచయం పావుగంట కంటే సాగదీయకండి. పిష్చిక్ కథ అందడానికి అవసరమైన తేదీలను ఒక కాగితం మీద ముద్రించి లోపలికి వచ్చేటప్పుడే చేతికివ్వండి: 1939 సెప్టెంబరు 1న జర్మనీ దాడి, అప్పటి నుంచి దాదాపు ఐదున్నరేళ్ల ఆక్రమణ, 1945లో సోవియట్ అండతో ఏర్పడిన ప్రభుత్వం, 1953 మార్చిలో స్టాలిన్ మరణం, 1956 అక్టోబరులో కమ్యూనిస్టు పార్టీ నాయకుడిగా గొముల్కా రాకతో పోలండులో కొంతకాలం దొరికిన వెసులుబాటు. ఈ చివరిది తప్పక చేర్చండి, ఎందుకంటే ఆ వెసులుబాటు లేకపోతే మున్క్ ఈ చిత్రం తీయగలిగేవాడే కాదు. సబ్‌టైటిళ్లు ఇంగ్లీషులో వేగంగా పోతాయి. మీ పెద్దల కోసం వెనుక వరుసలో ఒకరు కూర్చుని, జైలు అధికారితో పిష్చిక్ మాట్లాడే ఘట్టాల దగ్గర మాత్రం నెమ్మదిగా తెలుగులో చెబితే చాలు, తక్కినదంతా కొబ్యేలా శరీరమే చెబుతుంది.